పాఠకుల ప్రశ్నలు: పాటలో ఎకో, కంప్యూటరులో ఎకో

ఈ సంచికకు విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల నుంచి వచ్చిన ఉత్తరాలలో పలువురు, వేర్వేరు వృత్తులలో ఉన్నవారే అయినా, ‘ఎకో’ అనే మాట గురించే అడిగారు. అందువల్ల ఈసారి శీర్షికను ఆ ఒక్క విషయానికే కేటాయించాము. ఒకరికి ఇచ్చిన జవాబులోని లెక్క మరొకరికీ అవసరమవుతుంది కనుక వరుసగా చదవవలసిందిగా కోరుతున్నాము.

ప్రశ్న: నేను గాత్రం నేర్చుకుంటున్నాను. ఇటీవల ఒక స్టూడియోలో రెండు కీర్తనలు రికార్డు చేయించుకున్నప్పుడు అక్కడి ఇంజనీరు ‘ఎకో తగ్గించి రివర్బ్ పెట్టాను, డిలే అసలు వాడలేదు’ అన్నారు. బడిలో మాకు ప్రతిధ్వని ఒక్కటే చెప్పారు. ఈ మూడూ ఒకటే కాదా?
— సంగీత విద్యార్థిని, విజయనగరం

జవాబు: మూడింటికీ మూలం ఒకటే. బయలుదేరిన ధ్వని దేన్నో తాకి వెనక్కు రావడమే ఆ మూలం. అది ఎంతసేపటికి వచ్చింది, ఎన్నిసార్లు వచ్చింది, దాన్ని మన చెవి విడిగా పట్టుకోగలిగిందా లేదా అన్న దగ్గరే తేడా అంతా ఉంది. మన ప్రాంతపు వేసవి గాలిలో ధ్వని సెకనుకు దాదాపు 350 మీటర్లు ప్రయాణం చేస్తుంది. రామతీర్థం కొండబండకు ఎదురుగా దూరంగా నిలబడి చప్పట్లు కొట్టినప్పుడు ఆ చప్పుడు ఒక సెకనుకు తిరిగి వినిపించిందంటే, మీకూ బండకూ నడుమ 175 మీటర్లు ఉన్నట్టు లెక్క. ప్రతిధ్వనికి కనీసం 17 మీటర్ల దూరం కావాలని బడి పుస్తకం చెప్పేది కూడా ఈ లెక్క ప్రకారమే. సెకనులో పదోవంతు గడవకముందే తిరిగివచ్చిన ధ్వనిని చెవి అసలు ధ్వనితో కలిపేసుకుంటుందని అక్కడ అనుకుంటారు. నిజానికి ఆ హద్దు ధ్వని స్వభావాన్ని బట్టి జరుగుతూ ఉంటుంది. చప్పట్ల వంటి పొట్టి శబ్దానికి అంతకంటే చాలా తక్కువ వ్యవధి చాలు, మాటకు సెకనులో సుమారు ఇరవయ్యోవంతు కావాలి, లాగి పాడిన స్వరానికి ఇంకా ఎక్కువ కావాలి. ఇలా విడిగా వినబడే మలి ధ్వనినే స్టూడియోలో ఎకో అంటారు. మీరు చదువుకున్న ప్రతిధ్వని ఇదే.

గదిలో జరిగేది వేరు. నాలుగు గోడలు, నేల, పైకప్పు అన్నీ దగ్గరలోనే ఉండడం వల్ల మీరు పాడిన ఒక్క స్వరం వందలసార్లు అటూ ఇటూ తగిలి, ఒకదాని వెనుక ఒకటి లెక్కపెట్టడానికి వీలులేనంత దగ్గరగా చెవికి చేరుతుంది. చెవి వాటిని విడదీయలేక, స్వరం కొంతసేపు నిలిచి క్రమంగా సన్నగిల్లినట్టు భావిస్తుంది. మన భౌతికశాస్త్ర పాఠాలలో దీనికి ప్రతినాదమని పేరు. మీ ఇంజనీరు చెప్పిన రివర్బ్ అదే. తంబురా మీటిన తరువాత నిలిచే నాదాన్ని దీనితో కలపకూడదు. ఆ నాదం ఇంకా కదులుతున్న తీగది, ప్రతినాదం గోడలది.

ప్రతినాదాన్ని మొదట కొలిచి లెక్కకు తెచ్చినవారు అమెరికాలోని హార్వర్డ్ విశ్వవిద్యాలయంలో యువ అధ్యాపకుడుగా ఉన్న వాలెస్ సబైన్. అక్కడ కొత్తగా కట్టిన ఉపన్యాస మందిరంలో మాట అర్థం కాకపోవడంతో 1895లో ఆ దోషాన్ని సరిచేసే పని ఆయనకు అప్పగించారు. రాత్రివేళల్లో ఒక ఆర్గాన్ గొట్టాన్ని ఊది, అది ఆగిన తరువాత మోత ఎంతసేపు వినబడుతుందో స్టాప్‌వాచీతో చూస్తూ, పక్కనున్న థియేటరు నుంచి తెప్పించిన కుర్చీ మెత్తలను గదిలో కొన్ని కొన్నిగా పరుస్తూ ఆయన కొలతలు తీశారు. గది ఎంత పెద్దదైతే మోత అంతసేపు నిలుస్తుందని, అందులో ధ్వనిని పీల్చుకునే వస్తువులు పెరిగినకొద్దీ తగ్గుతుందని వాటి ఆధారంగా సూత్రం కట్టారు. నేటికీ సభామందిరాలు కట్టేవారికి మొదటి లెక్క అదే.

ఇక డిలే విషయం. ఎకో, రివర్బ్ మనం వినేవాటి పేర్లు కాగా, డిలే వాటిని కృత్రిమంగా తయారుచేసే పద్ధతి పేరు. మీరు పాడిన గది గోడలకు మెత్తలు ఉండి ఉంటాయి, మైకు మీ నోటికి జానెడు దూరంలో ఉండి ఉంటుంది. అలా పట్టిన గొంతు ఏ చోటుకూ చెందనట్టు పొడిగా ఉంటుంది కనుక, దానికి ఒక చోటును తరువాత చేర్చవలసి వస్తుంది. పూర్వం స్టూడియోలు ఇందుకోసం ఖాళీ గదిలో స్పీకరును, మైకును పెట్టేవి. టేపు రికార్డర్లు వచ్చాక మరో ఉపాయం దొరికింది. టేపు మీద ధ్వనిని రాసే హెడ్డుకు, చదివే హెడ్డుకు నడుమ 5 సెంటీమీటర్లు ఉండి, టేపు సెకనుకు 19 సెంటీమీటర్లు నడుస్తుంటే, రాసిన ధ్వని సెకనులో పావు వంతుకు కొంచెం పైన ఆలస్యమై వస్తుంది. ఆ ఆలస్యాన్నే అసలు పాటతో కలిపితే ఎకో. 1957లో జర్మనీలో ఈఎంటీ అనే సంస్థ, దాదాపు 2 మీటర్ల పొడవు, 1 మీటరు వెడల్పు గల పలుచని ఉక్కు రేకును చట్రానికి వేలాడదీసి, దాన్ని పాటతో కంపింపజేసి ప్రతినాదం పుట్టించే యంత్రాన్ని తెచ్చింది. ఈ పనులన్నీ ఇప్పుడు కంప్యూటరులో లెక్కల రూపంలో జరుగుతున్నాయి.

మీ ఇంజనీరు నిర్ణయం సరైనదేనని నా అభిప్రాయం. మన సంగీతంలో స్వరం నిలువుగా ఉండదు, గమకంతో కదులుతుంది. కల్పనస్వరాలలో అక్షరకాలం, అంటే తాళంలో ఒక దెబ్బ నుంచి మరో దెబ్బకు పట్టే వ్యవధి, ఒక సెకను ఉండి, అందులో నాలుగు స్వరాలు పడుతున్నాయనుకుంటే ఒక్కొక్క స్వరానికి పావు సెకనే దక్కుతుంది. అదే వ్యవధి గల ఎకో పెడితే, మీరు షడ్జం దాటి శుద్ధ రిషభం మీద ఉన్నప్పుడు వెనుకటి షడ్జం తిరిగివచ్చి దాని మీద పడుతుంది. పక్కపక్కన ఉండే ఆ రెండు స్వరాలు ఒకేసారి మోగితే మాయామాళవగౌళ రాగ రూపమే చెడుతుంది. తక్కువ మోతాదులో ఉన్న రివర్బ్ ఈ చిక్కు తేదు. 1919లో మీ ఊరి సంగీత కళాశాలను ఆరంభించినప్పుడు ప్రధానాచార్యులుగా ఉన్న ఆదిభట్ల నారాయణదాసుగారికి గాని, వయొలిన్ ఆచార్యులుగా చేరిన ద్వారం వెంకటస్వామి నాయుడుగారికి గాని ఇటువంటి నాబ్‌లు తిప్పవలసిన అవసరం లేకపోయింది. వారికి దొరికిన ప్రతినాదం ఏదైనా మందిరం ఇచ్చిందే.

ప్రశ్న: పెళ్ళిళ్ళకు, భజనలకు, అమ్మవారి సంబరాలకు మైకు సెట్టు కడుతుంటాను. మా ఎకో యాంప్లిఫయరు మీద ‘ఎకో’, ‘డిలే’, ‘రిపీట్’ అని మూడు నాబ్‌లు ఉన్నాయి. పాడేవాళ్ళు ఎకో పెంచమంటారు. వినేవాళ్ళు ముక్క అర్థం కావడం లేదంటారు. ఎవరి మాట వినాలండి?
— సౌండ్ ఆపరేటరు, నరసన్నపేట

జవాబు: పాట సాగుతున్నంతసేపు కొంతవరకు పాడేవారి మాట వినండి, ఎవరైనా ప్రకటన చదవడం మొదలుపెట్టగానే ఎకోను పూర్తిగా ఆపివేయండి. తప్పిపోయిన పిల్లవాడి పేరు మూడుసార్లు ఒకదాని మీద ఒకటి పడి వినబడితే తల్లిదండ్రులకు ఉపయోగం లేదు.

మూడు నాబ్‌లు మూడు వేర్వేరు పనులు చేస్తాయి. ‘డిలే’ మలి ధ్వని ఎంతసేపటికి రావాలో, ‘ఎకో’ అది అసలు ధ్వనితో పోలిస్తే ఎంత గట్టిగా ఉండాలో, ‘రిపీట్’ వచ్చినదానిలో ఎంత భాగాన్ని మళ్ళీ వెనక్కు పంపాలో నిర్ణయిస్తాయి. రిపీట్‌ను సగానికి ఉంచితే ప్రతి విడతకూ ధ్వని సగమవుతూ, ఏడో విడతకు నూరోవంతు కంటే తక్కువకు దిగిపోతుంది. పూర్తిగా తిప్పితే తగ్గడమనేదే ఉండదు. కొత్త మాటలు పాతవాటి మీద పేరుకుపోయి చివరకు ఊళగా మారుతుంది. చాలామంది ఆపరేటర్లు ‘ఎకో’ నాబ్‌ను తగ్గించి చూసి ఫలితం లేదనుకుంటారు గాని, మాటను చెడగొట్టేది ఎక్కువసార్లు ‘రిపీట్’ నాబే.

అసలు చిక్కు యాంప్లిఫయరులో కాక హారన్లు కట్టిన తీరులో కూడా ఉండవచ్చు. పైడితల్లి సిరిమానోత్సవం వంటి జాతరల్లో వీధి పొడవునా హారన్లు కడతారు. వంద మీటర్ల దూరంలో ఉన్న రెండు హారన్లకూ తీగ గుండా మాట ఒకే క్షణంలో అందుతుంది. కాని రెండో హారను కింద నిలబడ్డ మనిషికి ముందు అక్కడి మాట, తరువాత మొదటి హారను నుంచి గాలిలో నడిచివచ్చిన మాట వినిపిస్తాయి. వంద మీటర్లను 350తో భాగిస్తే ఆ ఎడం సెకనులో దాదాపు 0.29 వంతు, అంటే మీ యంత్రం ఆపివేసి ఉన్నా స్పష్టమైన ఎకో తయారైనట్టే. పెద్ద కచేరీలలో దూరపు స్పీకర్లను సరిగ్గా అంతసేపు కావాలని ఆలస్యం చేస్తారు. అటువంటి పరికరం లేనప్పుడు హారన్లన్నిటినీ ఎదురెదురుగా కాక ఒకే దిక్కుకు తిప్పి కట్టడం, ఒక్కొక్కదాని శబ్దాన్ని తన చుట్టుపక్కలకు మాత్రమే సరిపడేటట్టు తగ్గించడం మేలు.

కళ్యాణ మండపం సంగతి సబైన్ లెక్కతో చూద్దాము. పొడవు 30 మీటర్లు, వెడల్పు 15, ఎత్తు 6 ఉన్న మండపం ఘనపరిమాణం 2,700 ఘనపు మీటర్లు. గోడలు, నేల, కప్పు కలిపి 1,440 చదరపు మీటర్లు. సున్నం, టైల్సు తమ మీద పడ్డ ధ్వనిలో నూటికి ఐదు వంతులే పీల్చుకుంటాయని అనుకుంటే, పీల్చుకునే శక్తి 72 చదరపు మీటర్లకు సమానం. సబైన్ సూత్రంలోని స్థిరాంకం 0.161ని ఘనపరిమాణంతో గుణించి 72తో భాగిస్తే 6 సెకన్లు వస్తుంది. నాలుగు వందల మంది వచ్చి కూర్చుంటే, మనిషికి 0.45 చదరపు మీటరు చొప్పున మరో 180 చేరి, మోత 1.7 సెకన్లకు దిగుతుంది. అందుచేత ఉదయం ఖాళీ మండపంలో ‘హలో హలో’ అని చూసుకుని నాబ్‌లు ఒకచోట బిగించి వెళ్ళిపోవడం సరికాదు. జనం నిండిన తరువాత మళ్ళీ సరిచేయాలి. అసలే 6 సెకన్ల మోత ఉన్న గదిలో ఎకో పెట్టమని అడిగేవారికి నాబ్‌ను తాకినట్టు కనిపించి ఊరుకోవడం ధర్మవిరుద్ధమేమీ కాదు.

ప్రశ్న: మా వైపు జముకులకథలో కథకుడు పాడిన చరణాన్ని వంతవారు అందుకుని మళ్ళీ పాడతారు. దీన్ని ఎకో అనవచ్చునా?
— విశ్రాంత ఉపాధ్యాయుడు, బొబ్బిలి

జవాబు: శాస్త్రార్థంలో అనకూడదు. కొండ మనం పలికినదానికి ఒక్క అక్షరం చేర్చదు. వంతవారు తాళం చూసుకుని అందుకుంటారు, ఊతపదం కలుపుతారు, అవసరమైతే కథకుడికి ఊపిరి తీసుకునే వ్యవధి ఇస్తారు. కచేరీలో రాగాలాపనను వెంటాడే వయొలిన్ కూడా ఇంతే. గాయకుడి పలుకును తన పద్ధతిలో తిరిగి చెబుతుంది గాని యథాతథంగా అప్పజెప్పదు. పాశ్చాత్య సంగీతంలో మాత్రం ‘ఎకో’ అన్నది రచనా సంకేతంగా కూడా ఉంది. ఒక పలుకును గట్టిగా వాయించి వెంటనే దాన్నే మెల్లగా వాయించమని పదిహేడవ, పద్దెనిమిదవ శతాబ్దాల స్వరకర్తలు రాసేవారు. పెద్ద చర్చి ఆర్గాన్‌లలో ఇందుకోసం పెట్టెలో మూసి ఉంచిన గొట్టాల వరుసకు ‘ఎకో’ అనే పేరు కూడా ఉంది. అమరకోశంలో ప్రతిశ్రుత్తు, ప్రతిధ్వానము అని ప్రతిధ్వనికి పర్యాయపదాలు చెప్పిన పాదం పక్కనే గీతం, గానం వస్తాయి. మీ ప్రశ్నకు అది సమాధానం కాకపోయినా, మీకు నచ్చుతుందని రాస్తున్నాను.

ప్రశ్న: డిగ్రీలో కంప్యూటర్ సైన్సు చదువుతున్నాను. కమాండ్ విండోలో ‘ఎకో’ అని కొట్టి ఏదైనా రాస్తే అదే కింద కనిపిస్తుంది. రాసింది మళ్ళీ చూపించే ఆదేశం వల్ల లాభమేమిటి? బ్యాచ్ ఫైలు మొదట ‘ఎకో ఆఫ్’ అని ఎందుకు రాయమంటారు? వీటికీ ధ్వనికీ సంబంధం ఉందా?
— విద్యార్థి, పలాస

జవాబు: సంబంధం ఉంది గాని, అది మీ ఎదుట ఉన్న తెరలో కనబడదు. టెలిటైపు యంత్రాల దగ్గరకు వెళ్ళాలి. 1963లో వచ్చిన టెలిటైప్ మోడల్ 33 వంటి యంత్రంలో మీటలు ఒక భాగం, కాగితం మీద అచ్చుకొట్టేది మరో భాగం. దూరంలో ఉన్న కంప్యూటరుతో తీగ ద్వారా మాట్లాడేటప్పుడు, మీరు నొక్కిన అక్షరం ముందు కంప్యూటరుకు పోయి, అది అందుకుని అదే అక్షరాన్ని వెనక్కు పంపితే అప్పుడు కాగితం మీద పడేటట్టు ఏర్పాటు చేసుకోవచ్చు. ఇలా వెళ్ళి తిరిగివచ్చిన అక్షరమే ఎకో. రిజిస్టరు ఉత్తరం వెంట వెళ్ళి సంతకంతో తిరిగివచ్చే కార్డు చేసే పనే ఇది చేస్తుంది: కాగితం మీద పడిన అక్షరం నేను నొక్కినది మాత్రమే కాదు, అవతల అందినది కూడా. దారిలో తీగ దోషం వల్ల అక్షరం మారిపోతే ఆ సంగతి వెంటనే తెలిసిపోతుంది. యంత్రం తానుగా కూడా అచ్చువేసి, కంప్యూటరు కూడా తిప్పి పంపితే మాత్రం ‘రామ’ అని కొట్టినచోట ‘రారామమ’ అని పడుతుంది. ఆ రోజుల్లో పని నేర్చుకునేవారికి ఇది తరచుగా ఎదురయ్యే తలనొప్పి.

ఇప్పుడు మీ ల్యాప్‌టాప్‌లో తెల్లటి అక్షరాలు కనబడే నల్ల కిటికీ కూడా ఆ టెలిటైపుకు వారసురాలే. మీట నొక్కగానే అక్షరం దానంతట అదే తెర మీదకు రాదు. ఒక ప్రోగ్రాము దాన్ని తిప్పి పంపుతుంది. లైనక్సులో పాస్‌వర్డు కొట్టేటప్పుడు ఏమీ కనిపించక మీట పనిచేయడం లేదని కంగారుపడినవారు మీ తరగతిలోనూ ఉండే ఉంటారు. అక్కడ ఎకోను తాత్కాలికంగా ఆపివేస్తారు. చుక్కలైనా చూపరు, ఎందుకంటే చుక్కలు లెక్కపెట్టి పాస్‌వర్డు పొడవు తెలుసుకోవచ్చు.

‘ఎకో’ అనే ఆదేశం 1970ల మొదట్లో అమెరికాలోని బెల్ ల్యాబ్స్ పరిశోధన సంస్థలో తయారైన యూనిక్సు అనే ఆపరేటింగ్ సిస్టమ్‌లోనే ఉంది. రాసింది మళ్ళీ చూపడం వ్యర్థమనిపిస్తుంది గాని, అది చూపేది మీరు కొట్టినది కాదు, దాని చేతికి వచ్చినది. యూనిక్సులో ‘ఎకో’ తరువాత ఒక్క నక్షత్రం గుర్తు పెట్టి చూడండి. నక్షత్రానికి బదులు ఆ ఫోల్డరులోని ఫైళ్ళ పేర్లన్నీ వస్తాయి. మీకూ ఆదేశానికీ నడుమ ఉండి మీరు కొట్టినదాన్ని చదివే షెల్ అనే ప్రోగ్రాము ఆ గుర్తును ముందే విస్తరించి అందించిందన్నమాట. ‘ఫైళ్ళన్నీ తుడిచివెయ్యి’ వంటి ప్రమాదకరమైన ఆదేశం ఇచ్చే ముందు, దాని స్థానంలో ‘ఎకో’ పెట్టి ఏయే పేర్లు వస్తాయో చూసుకోవడం అనుభవజ్ఞుల అలవాటు. ఇది మీకు పరీక్షల్లో అడగరు, ఉద్యోగంలో పనికివస్తుంది.

ఆదేశాలను వరుసగా రాసి ఉంచే బ్యాచ్ ఫైలులో, ప్రతి వరుసనూ అమలు చేసే ముందు దాన్ని తెర మీద చూపడం డాస్, విండోస్‌ల సహజ ప్రవర్తన. దాన్నే వాటి భాషలో ఎకో అంటారు. ‘ఎకో ఆఫ్’ ఆ చూపడాన్ని ఆపుతుంది. దాని ముందు పెట్టే ‘ఎట్’ గుర్తు, ఆ ఆపే వరుస కూడా కనబడకుండా చేస్తుంది. ఫైలు ఎక్కడ చెడిందో తెలియనప్పుడు ఆ వరుసను తీసివేసి నడపండి. వెబ్ పేజీలు తయారుచేసే పీహెచ్‌పీ భాషలో ‘ఎకో’ అంటే పేజీలోకి రాతను పంపడమే. అక్కడ వెళ్ళి తిరిగిరావడమనే భావం దాదాపు పోయింది, పేరు మాత్రం నిలిచింది.

ప్రశ్న: నెట్ రానప్పుడు ‘పింగ్’ చేసి చూడమంటారు. అందులో ‘ఎకో రిక్వెస్ట్’ అన్న మాట, పక్కన మిల్లీసెకన్లు కనిపిస్తాయి. అవి ఎంత ఉంటే మంచిది?
— సచివాలయ డిజిటల్ అసిస్టెంటు, రాజాం మండలం

జవాబు: పింగ్ ఒక చిన్న సందేశాన్ని అవతలి యంత్రానికి పంపి, అదే సందేశాన్ని తిరిగి పంపమని కోరుతుంది. వెళ్ళేదాన్ని ఎకో రిక్వెస్ట్ అని, వచ్చేదాన్ని ఎకో రిప్లై అని 1981లో ప్రకటించిన ఇంటర్నెట్ నియమావళిలో పేర్లు పెట్టారు. పింగ్ ప్రోగ్రామును 1983 డిసెంబరులో మైక్ మూస్ రాశారు. జలాంతర్గాములను పట్టడానికి నీటిలోకి ధ్వనిని వదిలి ప్రతిధ్వని కోసం చూసే సోనార్ శబ్దం మీదుగా ఆయన ఆ పేరు ఎంచుకున్నారు. కంప్యూటరు ఎకోలన్నిటిలోనూ కొండ ప్రతిధ్వనికి బాగా దగ్గరగా వచ్చేది ఇదే, ఎందుకంటే ఇక్కడ కూడా ఆలస్యాన్ని కొలిచే దూరం గురించి ఊహిస్తాము.

గాజు తీగలో కాంతి సెకనుకు సుమారు 2 లక్షల కిలోమీటర్లు పోతుంది. 700 కిలోమీటర్ల తీగ దూరంలో ఉన్న హైదరాబాదు సర్వరుకు పోయి రావడానికి కనీసం 7 మిల్లీసెకన్లు, 14,000 కిలోమీటర్ల దూరంలోని అమెరికా సర్వరుకు కనీసం 140 పడుతుంది. ఎంత డబ్బు పోసి కనెక్షను తీసుకున్నా ఆ హద్దు కంటే తగ్గదు. దాని పైన కనబడే ఆలస్యం దారిలోని రూటర్లది, తీగ తిరిగిన వంకరలది, మీ కార్యాలయంలోని వైఫైది. అంకె పెద్దదైనా నిలకడగా ఉంటే పని జరుగుతుంది. ఒకసారి 20, మరుసటిసారి 900, ఆ తరువాత ఏమీ రాకపోవడం ఉంటే మీ దగ్గరి లైనులోనే దోషం వెతకాలి. జవాబు అసలు రాలేదు కదా అని సర్వరు చచ్చిపోయిందని నిర్ణయించకండి. భద్రత కోసం ఎకోలకు బదులివ్వవద్దని సర్వర్లకు చెప్పి ఉంచడం మామూలే.

ప్రశ్న: మా అబ్బాయి విదేశంలో ఉంటున్నాడు. వీడియో కాల్‌లో నేను మాట్లాడిన మాటే కాసేపటికి మళ్ళీ నాకు వినిపిస్తోంది. ఫోను పాడైందని రెండు దుకాణాలలో చూపించాను. బాగానే ఉందన్నారు. మరి తప్పు ఎక్కడుంది?
— గృహిణి, ఇచ్ఛాపురం

జవాబు: అమ్మా, మీ ఫోను బాగానే ఉంది. మీ మాట మీకే తిరిగి వినిపిస్తే దోషం దాదాపు ఎప్పుడూ అవతలివారి పరికరంలోనే ఉంటుంది. మీ గొంతు మీ అబ్బాయి ల్యాప్‌టాప్ స్పీకరులోంచి బయటకు వచ్చి, అక్కడి గదిలో తిరిగి, అదే ల్యాప్‌టాప్ మైకులో పడి మీ దగ్గరకు చేరుతోంది. విచిత్రమేమిటంటే అబ్బాయికి ఏమీ తెలియదు; అతనికి అంతా స్పష్టంగానే వినబడుతుంది. ఈసారి ఇయర్‌ఫోన్లు పెట్టుకోమనండి, లేదా స్పీకరు శబ్దం తగ్గించమనండి. ఒకే గదిలో రెండు పరికరాలలో అదే కాల్ తెరిచి ఉంటే ఒకదాన్ని మూసివేయమనండి. ఇక దుకాణాలకు వెళ్ళకండి.

ఈ తిరుగు మాటను తీసివేయడానికి ప్రతి ఫోనులోనూ ఒక ఏర్పాటు ఉంటుంది. స్పీకరుకు ఏ ధ్వని పంపామో పరికరానికి తెలుసు కనుక, అది గదిలో తిరిగి మైకుకు ఎలా చేరుతుందో అంచనా కట్టి, మైకు పట్టినదానిలోంచి ఆ భాగాన్ని తీసివేస్తుంది. మనిషి కుర్చీ జరిపినా గది మారినట్టే కాబట్టి అంచనాను క్షణక్షణమూ దిద్దుకోవాలి. దూరపు టెలిఫోను కాల్స్ కోసం ఈ ఆలోచనను 1960లలో బెల్ ల్యాబ్స్‌లో అభివృద్ధి చేసినవారిలో భారతదేశంలో పుట్టిన మన్ మోహన్ సోంధీ ఒకరు. ఉపగ్రహాల ద్వారా ఫోను కాల్స్ నడవడం మొదలయ్యాక దాని అవసరం మరీ పెరిగింది. భూమికి 35,786 కిలోమీటర్ల ఎత్తున ఉన్న ఉపగ్రహానికి మాట ఎక్కి దిగడానికే దాదాపు పావు సెకను, దాని ప్రతిధ్వని తిరిగిరావడానికి మరో పావు సెకను పట్టేది. అర సెకను వెనుకగా తన మాటే తనకు వినబడుతుంటే ఎంతటి వక్తకైనా నాలుక తడబడుతుంది.

ప్రశ్న: ‘ఎకో’ పేరుతో అమ్ముతున్న మాట్లాడే స్పీకరుకు వీటిలో దేనితో సంబంధం?
— పాఠకుడు, చీపురుపల్లి

జవాబు: అది అమెజాన్ 2014లో తన పరికరానికి పెట్టుకున్న పేరు. అయితే పైన ఇచ్ఛాపురం పాఠకురాలికి చెప్పిన తీసివేత దానికి ప్రాణాధారం. తానే గట్టిగా పాట వినిపిస్తూ, ఆ మోతలోంచి మీ పిలుపును పట్టుకోవాలి కదా. ఆ తొలి పరికరంలో మైకులు ఏడు.

ప్రశ్న: మా ఊరి భజన బృందం పాటను ఫోనులో రికార్డు చేశాను. యాప్ వాడకుండా నేనే ప్రోగ్రాము రాసి దానికి ఎకో చేర్చవచ్చునా?
— ఇంజనీరింగు విద్యార్థిని, ఎచ్చెర్ల

జవాబు: తప్పక చేర్చవచ్చు. చాలా చిన్న ప్రోగ్రాము కూడా సరిపోతుంది. సీడీ ప్రమాణంలో ధ్వనిని సెకనుకు 44,100 అంకెలుగా రాస్తారు. మీ ఫైలులో 48,000 ఉంటే లెక్కను అందుకు తగినట్టు మార్చుకోండి. ముందు భజన నడకను కొలవండి. నిమిషానికి 100 తాళపు దెబ్బలు పడుతుంటే దెబ్బకు 0.6 సెకను, అందులో సగం 0.3 సెకను. ఎకోను ఆ సగానికి కట్టితే అది చిడతల మోతతో కలిసి నడుస్తుంది, కొంచెం అటూ ఇటూ అయితే తాళం తప్పినట్టు వినబడుతుంది. 0.3 సెకనును 44,100తో గుణిస్తే 13,230. అన్ని అంకెలు పట్టే వరుసను ఒకదాన్ని తీసుకుని మొదట సున్నాలతో నింపండి. పాటలోని ఒక్కొక్క అంకెకూ, ఆ వరుసలో ప్రస్తుత స్థానంలో ఉన్న పాత అంకెలో సగాన్ని కలపండి. వచ్చిన మొత్తాన్ని బయటకు రాయండి, అదే స్థానంలో కూడా పెట్టండి, తరువాతి స్థానానికి జరగండి. చివరి స్థానం దాటగానే మళ్ళీ మొదటికి రావాలి. నరసన్నపేట పాఠకుడి యంత్రంలోని డిలే నాబ్ ఈ 13,230, రిపీట్ నాబ్ ఈ సగం. ఆ సగం ఒకటికి చేరితే ఆయనకు వచ్చిన ఊళే మీకూ వస్తుంది.

రెండు జాగ్రత్తలు అవసరం. పదహారు బిట్ల అంకె 32,767 దాటితే పట్టదు కనుక, గట్టిగా పాడినచోట మొత్తం హద్దు మీరి గరగర పుడుతుంది. కలిపే ముందే అసలు పాటను సగానికి తగ్గించి, అంతా అయ్యాక హద్దు దాటనంతవరకే తిరిగి పెంచండి. ఎకో కాక రివర్బ్ కావాలంటే ఒక్క వరుస చాలదు. బెల్ ల్యాబ్స్‌లోనే 1960ల మొదట్లో మాన్‌ఫ్రెడ్ ష్రోడర్ చూపిన పద్ధతిలో, ఒకదానితో ఒకటి భాగింపబడని వేర్వేరు పొడవుల వరుసలను పక్కపక్కన నడిపి, వాటి ఫలితాన్ని కలిపి, మరికొన్ని వడపోతల గుండా పంపాలి. పొడవులు సమానంగాని, ఒకదానికి మరొకటి రెట్టింపుగాని అయితే ప్రతిధ్వనులన్నీ ఒకేచోట పడి, పాట రేకుడబ్బాలో పాడినట్టు మోగుతుంది. ఆ ప్రయోగాన్ని ఎకో కుదిరిన తరువాత పెట్టుకోండి.

పాటలోని చివరి అంకెతో ప్రోగ్రామును ఆపకండి. సగం చొప్పున తగ్గే ఎకో వెయ్యోవంతుకు దిగడానికి పది విడతలు, అంటే 3 సెకన్లు పడుతుంది. అంతసేపు సున్నాలు పంపుతూ నడిపించకపోతే చివరి నామం నడుమనే తెగిపోతుంది.